సృష్టికి మూలం ‘ఒక్కటి’ అయితే, అది ‘ఉంది’ అని కూడా అనకూడదా? ప్లొటైనస్ మీద ఒక సందేహం

చీమకుర్తి రాయి (ప్రశ్న అడిగినవారు):

అందరికీ నమస్కారం. నేను చీమకుర్తిలో ఒక గ్రానైట్ ఫ్యాక్టరీలో స్లాబులు చెక్ చేసే పని చేస్తాను. నైట్ షిఫ్టులో బ్లాకును గ్యాంగ్ సా మీదకి ఎక్కించాక కోత అయ్యేదాకా టైం దొరుకుతుంది. ఆ టైంలో ఫోన్‌లో తత్త్వశాస్త్రం చదవడం అలవాటైంది. ఆదివారాలు ఒంగోలులో ఉపనిషత్తుల క్లాసుకు కూడా వెళ్తాను. ఇప్పుడు ఛాందోగ్యం ఆరో అధ్యాయం నడుస్తోంది.

ఈమధ్య ప్లొటైనస్ రాసినవి స్టీఫెన్ మెకెన్నా ఇంగ్లీషు అనువాదంలో చదవడం మొదలుపెట్టాను. మూడో శతాబ్దం మనిషి, గ్రీకులో రాశాడు, రోములో పాఠం చెప్పాడు. ఆయన అన్నిటికీ పైన ‘ఒక్కటి’ని పెడతాడు. దాని నుంచి బుద్ధి, బుద్ధి నుంచి ఆత్మ, ఆత్మ నుంచి మనం చూసే ఈ లోకం వచ్చాయంటాడు.

ఆరో ఎనియడ్‌లో (ఆయన వ్యాసాలను సర్దిన ఆరు గుంపుల్లో ఆఖరుదాన్లో) చివరి వ్యాసం మొదట్లోనే ఒక మాట నన్ను పట్టేసింది. ఏ వస్తువైనా ఉందంటే అది ఒకటిగా ఉండబట్టే ఉందట. ఒకటిగా ఉండటం పోతే ఆ వస్తువే పోతుందట. నా పని చేసేవాడికి ఇది ఇంకొకరు చెప్పక్కర్లేదు. బ్లాకులో కంటికి కనపడని పగులుంటే కోతలోనో పాలిష్‌లోనో బయటపడుతుంది. స్లాబు రెండైందంటే నా రిజిస్టర్‌లో ఇక అది స్లాబు కాదు. రాయి ఎక్కడికీ పోలేదు, బరువు తగ్గలేదు, నల్లటి రాతిలో ఆ బంగారు చుక్కలూ అట్లాగే మెరుస్తున్నాయి. అయినా స్లాబు లేదు. మరి పోయిందేమిటి? అది ఒకటిగా నిలబడటమే పోయింది.

ఇక్కడిదాకా బాగానే ఉంది. తర్వాత ఆయన ఆ ‘ఒక్కటి’ ఉనికికి అవతల ఉందంటాడు. అది ‘ఉంది’ అన్నా తప్పేనట. అది ఆలోచించదు, తనను తాను ఎరగదు. ఇక్కడ నాకు అడ్డం తగిలింది ఛాందోగ్యంలోని ఉద్దాలకుడు. కొడుకు శ్వేతకేతువుతో ఆయన అడుగుతాడు కదా, లేనిదాని నుంచి ఉన్నది ఎలా పుడుతుంది నాయనా అని. మొదట ఉన్నది సత్తే (ఉనికే), ఒక్కటే, రెండోది లేదు అని తేల్చేస్తాడు. మరి ప్లొటైనస్ ‘ఒక్కటి’కి ఉనికే లేకపోతే, దాని నుంచి ఇంత లోకం ఎట్లా వచ్చింది?

ఇంకో సందేహం. దానికి ఏ లోటూ లేదంటున్నాడు. లోటు లేనిది ఊరికే ఉండక ఇన్ని ఎందుకయింది?

క్లాసులో గురువుగారిని అడిగితే ‘అదీ మన బ్రహ్మమూ ఒకటే, పేరే వేరు’ అన్నారు. ఆయనంటే నాకు చాలా గౌరవం. కానీ ఆ జవాబుతో నా సందేహం తీరలేదు, అక్కడే ఉండిపోయింది. తెలిసినవాళ్లు దయచేసి చెప్పండి.


పెన్న ఒడ్డు (నెల్లూరు):

తమ్ముడూ, మీ గురువుగారు చెప్పిందాంట్లో తప్పేముంది? ‘నేతి నేతి’ (ఇది కాదు, ఇది కాదు) అని బృహదారణ్యకం ఎప్పుడో చెప్పింది. మాటలు అందుకోలేక మనసుతో సహా వెనక్కి తిరిగి వస్తాయని తైత్తిరీయం చెప్పింది. ప్లొటైనస్ చెప్పేదీ అదే కదా, దానికి ఏ పేరూ ఏ గుణమూ అంటదని.

మన నెల్లూరు తిక్కన గారిని చూడండి. శైవులూ వైష్ణవులూ కొట్టుకుంటున్న పదమూడో శతాబ్దంలో భారతం పదిహేను పర్వాలనూ హరిహరనాథుడికి అంకితమిచ్చాడు. రెండుగా కనపడేదాని వెనక ఒక్కటే ఉందని ఆయనకు తెలుసు. ఇంకో సంగతి. ప్లొటైనస్ మన దేశపు తత్త్వం నేర్చుకోవాలని బయల్దేరాడని ఆయన శిష్యుడే రాశాడు. ఎక్కడి నుంచి ఎక్కడికి అందిందో అందులోనే తెలియడం లేదూ?


కావలి లెక్కల టీచర్:

నాయనా, నీ ప్రశ్న చూసి నాకు చాలా సంతోషమైంది. నేను కావలిలో ఇంటర్ పిల్లలకు లెక్కలు చెప్పి రిటైరయ్యాను. ఉద్యోగంలో ఉండగానే దూరవిద్యలో ఫిలాసఫీ ఎం.ఏ. చేశాను. అప్పటి నుంచీ ప్లొటైనస్‌ను వదల్లేదు. కొంచెం పొడుగ్గా రాస్తాను, ఓపికగా చదువు.

ముందు పెన్న ఒడ్డు గారు చెప్పిన ప్రయాణం సంగతి తేల్చుకుందాం, ఎందుకంటే ప్రతి చర్చా అక్కడే తెగిపోతోంది. ప్లొటైనస్ అలెగ్జాండ్రియాలో అమ్మోనియస్ సక్కాస్ దగ్గర పదకొండేళ్లు చదివాడు. పర్షియా వాళ్ల తత్త్వం, భారతీయుల తత్త్వం తెలుసుకోవాలనే కోరికతో 243లో గోర్డియన్ చక్రవర్తి సైన్యం వెంట తూర్పుకు బయల్దేరాడు. మరుసటి ఏడు చక్రవర్తి మెసపొటేమియాలో చనిపోయాడు. ప్లొటైనస్ ఎట్లాగో ప్రాణాలతో అంతియొకయ చేరి, అక్కడి నుంచి రోముకు వెళ్లిపోయాడు. అప్పటికి ఆయనకు నలభై ఏళ్లు. ఇదంతా ఆయన శిష్యుడు పోర్ఫిరీ రాసిన జీవితచరిత్రలో ఉంది. అంటే కోరిక నిజం, చేరింది మాత్రం లేదు.

ఫ్రెంచి పండితుడు ఎమిల్ బ్రెహియే ఉపనిషత్తుల ప్రభావం ఆయన మీద ఉందని వాదించాడు. 1936లో ఆర్మ్‌స్ట్రాంగ్ అనే ఇంగ్లీషు పండితుడు దాన్ని కాదన్నాడు. ఆ ఆలోచనలన్నిటికీ గ్రీకు సంప్రదాయంలోనే వేళ్లు దొరుకుతాయని ఆయన వాదన. నాకూ అదే సరైనదనిపిస్తుంది. ఆ వేళ్లు ప్లేటో దగ్గరున్నాయి. ప్లేటో ‘రిపబ్లిక్’ ఆరో పుస్తకంలో, శ్రేయస్సు అనేది ఉనికి కాదు, ఘనతలోనూ శక్తిలోనూ ఉనికిని దాటి అవతల ఉందని సోక్రటీస్ చేత అనిపిస్తాడు. ఉనికికి అవతల అన్న ఆ మాట ప్లొటైనస్ అక్కడి నుంచే తీసుకున్నాడు.

ఇంకో వేరు ప్లేటోదే ‘పార్మెనిడీస్’ అనే సంభాషణలో ఉంది. నీ సందేహానికి సూటి జవాబు అక్కడ దొరుకుతుంది కాబట్టి కాస్త నిదానంగా చూద్దాం. అక్కడ ముసలి పార్మెనిడీస్ ఒక కుర్రవాణ్ణి ఎదురుగా కూర్చోబెట్టుకుని, ఒకటి నిజంగా ఒకటే అయితే ఏమవుతుంది అని మొదలుపెడతాడు. ఒకటే అయితే దానికి భాగాలు ఉండకూడదు. భాగాలు లేకపోతే మొదలూ చివరా ఉండవు. అవి లేకపోతే ఆకారం ఉండదు. ఆకారం లేనిది ఒక చోట ఉండదు, కదలదు, నిలవదు. అది కాలంలో కూడా ఉండదు. కాలంలో లేనిది ‘ఉండేది’ కాదు, ‘ఉంది’ కాదు, ‘ఉంటుంది’ కాదు. చివరికి దానికి పేరు పెట్టలేం, దాని గురించి తెలుసుకోలేం అని తేలుతుంది. ఒక్కొక్క మెట్టూ రుజువుతో దిగుతాడు. నేను ఎన్నో రుజువులు బోర్డు మీద రాశాను కానీ దీన్ని మొదటిసారి చదివినప్పుడు ఒళ్లు జలదరించింది.

ఇందులో ఒక చిక్కుంది. చివర్లో పార్మెనిడీస్ ‘ఒకటి విషయంలో ఇట్లా ఉండటం కుదురుతుందా’ అంటే కుర్రవాడు ‘నాకట్లా అనిపించడం లేదు’ అంటాడు. అందుకని చాలామంది దీన్ని తర్కంలో ఒక కసరత్తుగా, అసంబద్ధానికి దారితీసే వాదంగా చదివారు. ప్లొటైనస్ మాత్రం ఇక్కడ చెప్పింది అక్షరాలా నిజమని తీసుకున్నాడు. ఆయన ‘ఒక్కటి’ ఇక్కడి నుంచే వచ్చిందని 1928లో డాడ్స్ అనే పండితుడు ఒక వ్యాసంలో వివరంగా చూపించాడు.

ఇప్పుడు నీ మొదటి ప్రశ్న. ‘ఉనికికి అవతల’ అంటే ‘లేదు’ అని కాదు. ఆ రెంటినీ కలిపేస్తేనే ఉద్దాలకుడు అడ్డం తగులుతాడు. ప్లొటైనస్ లెక్కలో ‘ఉంది’ అనాలంటే అది ఫలానాదిగా ఉండాలి. దానికొక హద్దు ఉండాలి, రూపం ఉండాలి. నీ స్లాబు ఇంత పొడవు, ఇంత మందం, నలుపు రంగు. అంటే ఉన్న ప్రతిదీ ‘ఒకటి’ కూడా, ‘ఇంకేదో’ కూడా. రెండూ కలిశాయి. కలిసిన చోట కలిపి ఉంచేది ఒకటి కావాలి. ఆ కలిపి ఉంచేది కూడా మళ్లీ ఒక వస్తువే అయితే దాన్ని కలిపి ఉంచేది ఇంకొకటి కావాలి. దీనికి అంతుండదు. కాబట్టి ఆ మూలం ‘ఒకటీ ప్లస్ ఇంకేదో’ కాకూడదు. ఉనికి అనేది కూడా దాని మీద ఎక్కించకూడదు. ఉనికి తక్కువై కాదు, ఉనికిని ఇచ్చేది అదే కనుక.

జ్ఞానం విషయంలోనూ ఇదే తర్కం. ఎరగాలంటే ఎరిగేది, ఎరగబడేది అని రెండు పక్కలుండాలి. తనను తాను ఎరిగినా ఆ రెండు పక్కలూ తప్పవు. అందుకే ప్లొటైనస్ ఉనికినీ జ్ఞానాన్నీ రెండో మెట్టులో, బుద్ధి దగ్గర పెడతాడు. ఆయన ఇంకో అడుగు ముందుకేసి, మనం దాన్ని ‘కారణం’ అన్నప్పుడు కూడా దాని గురించి ఏమీ చెప్పడం లేదంటాడు. దాని నుంచి మనకేదో అందిందని, మన సంగతే చెప్పుకుంటున్నామట. ఆరో ఎనియడ్ తొమ్మిదో వ్యాసంలో మూడో భాగం చివర చూడు.

లెక్కల మనిషిని కాబట్టి ఒకటి చెప్పకుండా ఉండలేను. గ్రీకు లెక్కల పండితుడు యూక్లిడ్ ఏడో పుస్తకం మొదటి నిర్వచనం ఏమిటో తెలుసా? ఉన్నవాటిలో ప్రతి ఒక్కదాన్నీ దేని వల్ల ఒకటి అంటామో అది ఏకాంకం అని. రెండో నిర్వచనంలో, ఏకాంకాలు గుమిగూడితే సంఖ్య అంటాడు. అంటే ఆ గ్రీకులకు ఒకటి సంఖ్యల వరసలో మొదటిది కాదు. సంఖ్యలు దాని వల్ల ఏర్పడతాయి, అది మాత్రం వాటిలో చేరదు. ప్లొటైనస్ ‘ఒక్కటి’ని కూడా నువ్వు లోకంలోని వస్తువుల లిస్టులో అన్నిటికన్నా పైనున్న ఐటమ్ అనుకుంటే చిక్కులో పడతావు. అట్లాగని అది లెక్కల్లోని ఒకటో బిందువో కూడా కాదంటాడాయన. బిందువుకు మనం తగ్గించుకుంటూ పోయి అన్నిటికంటే చిన్నదాని దగ్గర ఆగి చేరతాం. ‘ఒక్కటి’ చిన్నదై భాగాలు పోగొట్టుకోలేదు, దాని శక్తికి అంతు లేక భాగాలకు అందదు.

నీ స్లాబు ఉదాహరణను ఇంకాస్త సాగదీయవచ్చు. మీ క్వారీ పక్కన పడేసిన వేస్టు రాళ్ల గుట్ట కూడా ఒక గుట్టే. కానీ సగం తీసేసినా గుట్టే. దాని ఏకత్వం చాలా పలచన. దాంతో కట్టిన ఇంటిది కొంచెం గట్టిది, గోడ తీసేస్తే తెలుస్తుంది. ఒంగోలు గిత్తది ఇంకా గట్టిది, దాన్ని సగం చేస్తే రెండు సగం గిత్తలు మిగలవు. ప్లొటైనస్ కూడా సైన్యం, మంద, ఇల్లు, ఓడ, చెట్టు, జంతువు, ఆత్మ అని ఇట్లాగే ఎక్కుతూ పోతాడు. ఒళ్లు ఒక కట్టుగా ఉంటే ఆరోగ్యం, అవయవాలు ఒకటిగా అమరితే అందం, మనసు ఒక్కటైతే మంచితనం అంటాడు. ఎంత ఎక్కువగా ఒకటైతే అంత ఎక్కువగా ఉన్నట్టు. నాకు ఆయన రాసినదంతటిలో ఇష్టమైన చోటు ఇదే.

దీన్ని ఒప్పుకోనివాళ్లలో మొదటివాడు ప్లేటో శిష్యుడు అరిస్టాటిల్. ఉండటం, ఒకటిగా ఉండటం స్వభావంలో ఒకటేనని, ఒకటి ఉన్న చోటల్లా రెండోదీ ఉంటుందని ‘మెటాఫిజిక్స్’ నాలుగో పుస్తకంలో అంటాడు. మనిషి అన్నా, ఒక మనిషి అన్నా, ఉన్న మనిషి అన్నా తేడా లేదని ఆయన వాదన. అదే నిజమైతే ‘ఒక్కటి’ని ఉనికికి పైన కూర్చోబెట్టే పని లేదు. తేలిగ్గా కొట్టేయదగిన వాదం కాదిది. గుట్టకూ గిత్తకూ ఏకత్వంలో ఉన్న హెచ్చుతగ్గులను అరిస్టాటిల్ కూడా గమనించాడు, కానీ ఆ హెచ్చుతగ్గులన్నీ ఏ కొలతకు వస్తున్నాయో వేరుగా అడగాలని ఆయనకు అనిపించలేదు. నాకైతే అడగాలనే అనిపిస్తుంది. ‘ఏమేమి ఉన్నాయి’ అన్నది ఒక ప్రశ్న. ‘ఉన్నవాటిలో ప్రతిదాన్నీ ఒకటిగా పట్టి ఉంచేది ఏది’ అన్నది ఇంకో ప్రశ్న. మొదటిదానికి జవాబు చెప్పేస్తే రెండోది దానంతటదే తేలిపోదు.

ఇక మీ గురువుగారి జవాబు. ఉపనిషత్తు చెప్పే బ్రహ్మం సత్యం, జ్ఞానం, అనంతం. సత్తు అనేదే దాని స్వరూపం, చైతన్యం అనేదే దాని స్వరూపం. ప్లొటైనస్ ఆ రెంటినీ ‘ఒక్కటి’కి ఇవ్వడు. ఇది మొదటి తేడా. లోకం సంగతి ఇంకో తేడా. శంకరుల దారిలో లోకం బ్రహ్మం మీద తోచేది, తాడు మీద పాములాగా. ప్లొటైనస్‌కు లోకం తోచడం కాదు, నిజంగా పుట్టింది. దాని మూలం వల్ల అది అందమైనది కూడా. లోకం చెడ్డదని, దాన్ని చేసినవాడు చెడ్డవాడని అన్న జ్ఞానవాదుల (గ్నాస్టిక్కుల) మీద ఆయన ఒక వ్యాసమంతా కోపంగా రాశాడు, రెండో ఎనియడ్ చివర్లో ఉంది. ఈ పోలికల మీద స్టాల్ అనే పండితుడు రాసిన పుస్తకాన్ని మద్రాసు యూనివర్సిటీ 1961లో వేసింది. ‘రెండూ ఒకటే’ అని తొందరపడితే రెండు దర్శనాలనూ చదవకుండా పక్కన పెట్టినట్టవుతుంది. రెంటికీ అది అన్యాయం.


పెన్న ఒడ్డు (నెల్లూరు):

మేడం, చాలా వివరంగా రాశారు, సంతోషం. ఒక్క చోట మాత్రం ఒప్పుకోలేను. గీత పదమూడో అధ్యాయంలో పరబ్రహ్మాన్ని సత్తు అనీ చెప్పరు, అసత్తు అనీ చెప్పరు అని స్వామి స్పష్టంగా అన్నాడు. మాండూక్యం ఏడో మంత్రంలో తురీయం (మెలకువ, కల, నిద్రలకు అవతలి నాలుగోది) ప్రజ్ఞ కాదు, అప్రజ్ఞా కాదు అని ఉంది. ఋగ్వేదం నాసదీయ సూక్తం అప్పుడు అసత్తూ లేదు, సత్తూ లేదు అనే మొదలవుతుంది. మరి ఉనికికి అవతల అన్న మాట మన దగ్గర లేదని ఎట్లా అంటారు?


కావలి లెక్కల టీచర్:

మంచి మంత్రాలు తెచ్చారండీ. లేదని అనను. ఆ మూడు చోట్లా ప్లొటైనస్‌కు చాలా దగ్గరగా వస్తాం. ముఖ్యంగా మాండూక్యంలో ఆ వరస నిషేధాలు చదువుతుంటే ప్లేటో పార్మెనిడీస్ పక్కన పెట్టి చదవాలనిపిస్తుంది. కానీ గీతలో ఆ శ్లోకం కింద శంకరుల భాష్యం చూడండి. బ్రహ్మం లేదనే అనుమానం వస్తుందని ఆయనే ఊహించి, మాటలకు అందదు కాబట్టి అట్లా అన్నారని, వెంటనే తర్వాతి శ్లోకంతో దాని ఉనికిని నిలబెడతారు. అంటే ఆయనకు చివరకు మిగిలేది సత్తే. ప్లొటైనస్ అట్లా వెనక్కి రాడు. మంత్రాల్లో తలుపు తెరిచే ఉంది, అద్వైతాచార్యులు ఒక గదిలోకి వెళ్లారు, ప్లొటైనస్ ఇంకో గదిలోకి వెళ్లాడు. నా మాట ఆ గదుల గురించి.


చీమకుర్తి రాయి:

మేడం, మీ జవాబు షిఫ్టులో రెండుసార్లు చదివాను. ‘అవతల’ అంటే ‘లేదు’ అని కాదన్నది ఇప్పుడు అర్థమైంది. కానీ నా రెండో సందేహానికి మీరు రాలేదు. లోటు లేనిది ఎందుకు ఇన్ని అయింది?

ఇంకోటి కూడా అడుగుతాను, తప్పనుకోకండి. మా అమ్మది మార్కాపురం వైపు. ఏ కష్టమొచ్చినా చెన్నకేశవస్వామికి చెప్పుకుంటుంది. చెప్పుకుంటే ఆయన వింటాడని ఆమె నమ్మకం. ప్లొటైనస్ ‘ఒక్కటి’ ఏమీ ఎరగదంటున్నారు. వినని దానికి చెప్పుకునేదేముంది? ఆయన దారిలో మా అమ్మకు చోటుందా?


కావలి లెక్కల టీచర్:

నాయనా, ఈ ప్రశ్న అడిగావు చూడు, అందరూ ఇది మనసులో పెట్టుకుని బయటికి అనరు.

ముందు రెండో సందేహం. ప్లొటైనస్ జవాబు ఏమిటంటే, నిండుగా ఉన్న ఏదీ తనలోనే ముడుచుకుని ఉండదు. నిప్పు వేడినిస్తుంది, మంచు చల్లదనాన్నిస్తుంది, అత్తరు ఉన్నంతసేపూ చుట్టూ వాసన ఉంటుంది. వీటికే ఇట్లాగుంటే అన్నిటికన్నా నిండైనది ఏమీ ఇవ్వకుండా ఎట్లా ఉంటుంది అంటాడు. అది కావాలనుకుని చేయదు, చేయడం వల్ల తరగదు. దాని నుంచి పొంగినది వెనక్కి తిరిగి మూలం వైపు చూస్తుంది. ఆ చూపులోనే అది బుద్ధి అవుతుంది. ఈ వెనక్కి తిరగడం అన్నది చాలా ముఖ్యం. బయటికి రావడంతోటే పని పూర్తి కాదు, మూలం వైపు తిరిగితేనే ప్రతిదీ తానవుతుంది.

ఈ జవాబు నాకు పూర్తిగా సరిపోలేదు, ఆ మాట నీతో దాచను. నిప్పుకు వేడినివ్వడం స్వభావం, నిజమే. కానీ ఇవ్వడమే దాని స్వభావమైతే అదొక గుణం అయిపోదా? గుణాలు లేవన్న దానికి ఇది ఎక్కడి నుంచి వచ్చింది? ఆరో ఎనియడ్ ఎనిమిదో వ్యాసంలో ఆయన దీనితో గట్టిగా పెనుగులాడాడు. అది తప్పనిసరై అట్లా లేదు, అనుకోకుండానూ అట్లా లేదు, తానెట్లా ఉండదలిచిందో అట్లా ఉంది అనేదాకా వెళ్తాడు. అట్లా మాట్లాడకూడదని తెలిసీ మాట్లాడుతున్నానని కూడా అక్కడే అంటాడు. అది చదివి నీకేమనిపించిందో రాయి.

మీ అమ్మగారి సంగతి. ప్లొటైనస్ దారిలో ‘ఒక్కటి’ వినదు. వినాలంటే రెండు కావాలి. కానీ ఆయన ప్రార్థనను తీసేయలేదు. ఐదో ఎనియడ్ మొదటి వ్యాసంలో, ఇప్పుడు నువ్వడిగిన ప్రశ్నకే, అంటే ఒకటి నుంచి అనేకం ఎట్లా అన్నదానికే జవాబు మొదలుపెట్టే ముందు, దేవుణ్ణి పిలుచుకుందాం అంటాడు. నోటి మాటతో కాకుండా, ఆత్మను అటువైపు చాచి, ఒంటరిగా ఆ ఒంటరిని వేడుకుందాం అంటాడు. నేను లెక్క మొదలుపెట్టే ముందు దండం పెట్టుకునేదాన్ని, అందుకేనేమో ఆ చోటు నాకు బాగా గుర్తు.

గుడికి వెళ్లే మీ అమ్మగారికి ఎక్కువ చోటిచ్చినవాడు ప్రోక్లస్. ప్లొటైనస్ తర్వాత సుమారు రెండు వందల ఏళ్లకు ఏథెన్స్‌లో ప్లేటో బడికి పెద్దగా ఉన్నాడు. 412లో పుట్టి 485లో పోయాడు. 211 ప్రతిపాదనలతో యూక్లిడ్ పద్ధతిలో ఒక గ్రంథం రాశాడు. మొదటి ప్రతిపాదన ఏమిటంటే, ప్రతి సమూహానికీ ఏకత్వంలో ఏదో ఒక విధంగా పాలు ఉంటుందని. అదే గ్రంథంలో ముందుకు వెళ్లాక, దేవతలందరూ ఒక్కొక్కరూ ఒక్కొక్క ‘ఏకం’ అంటాడు. వాళ్లు ‘ఒక్కటి’ ముక్కలు కారు. ప్రతి దేవతా ఉనికికి అవతల, పూర్తిగా, తనంతట తాను ఒకటి. ఆయన ఎందరో దేవతలకు స్తోత్రాలు రాశాడు, పూజలు చేశాడు. తత్త్వవేత్త ఒక్క ఊరి దేవుడికే కాక లోకమంతటికీ పూజారి కావాలని ఆయన అనేవాడట, శిష్యుడు మారినస్ రాశాడు. మీ అమ్మగారు చెన్నకేశవుడి ముందు నిలబడి ఆయన్ను ‘అన్నీ నువ్వే’ అంటే ప్రోక్లస్ ఆమెను సరిదిద్దడు. ఆ మాట ఎందుకు నిజమో చెప్పడానికి రుజువు రాస్తాడు.

ప్లొటైనస్ మనిషిగా ఎట్లాంటివాడో కూడా తెలుసుకో. ఆయనను లోకం పట్టనివాడనుకుంటారు. పోర్ఫిరీ రాసింది చదివితే వేరేగా ఉంటుంది. చనిపోయే ముందు చాలామంది పెద్దవాళ్లు తమ పిల్లల్ని ఆస్తులతో సహా ఆయనకు అప్పగించేవాళ్లు. ఇల్లంతా పిల్లలే. వాళ్ల లెక్కలు ఆయనే కూర్చుని సరిచూసేవాడు. ఈ పిల్లలు తత్త్వంలోకి వచ్చేదాకా వాళ్ల ఆస్తి, ఆదాయం చెక్కుచెదరకుండా ఉండాలనేవాడు. రోములో ఇరవయ్యారేళ్లు ఎన్నో తగాదాలు తీర్చి కూడా అధికారుల్లో ఒక్క శత్రువును తెచ్చుకోలేదట. పోర్ఫిరీ తన దగ్గరున్న కాలంలో ఆయనకు నాలుగుసార్లు ఆ ‘ఒక్కటి’తో కలయిక కలిగిందని రాశాడు. ఆ నాలుగుసార్లకూ ఆ పిల్లల ఖాతాలకూ మధ్య విరోధం ఉన్నట్టు ఆయన జీవితంలో ఎక్కడా కనపడదు.


చందవరం స్తూపం (దొనకొండ):

మేడం, ఇంత మంచి చర్చలో నేను వేరే మాట చెప్పాలి. మా గుండ్లకమ్మ ఒడ్డున చందవరంలో మహాస్తూపం ఉంది. ఒకప్పుడు అక్కడ కూర్చుని చదువుకున్న బౌద్ధులు ఈ ప్రశ్నను ఇట్లా అడిగేవాళ్లు కాదేమో. ఆచార్య నాగార్జునుడు మధ్యమక కారికల్లో మొదటే ఎనిమిది నిషేధాలు పెట్టాడు. అందులో ఒక జంట, ఏకం కాదు, నానా (అనేకం) కాదు. తర్వాత శాంతరక్షితుడనే బౌద్ధాచార్యుడు దీన్నే పెద్ద వాదంగా నడిపాడు. ఏ వస్తువునైనా పట్టుకోండి, దానికి భాగాలుంటాయి కాబట్టి నిజంగా ఒకటి కాదు. నిజమైన ఒకటి దొరకనప్పుడు, ఒకట్లు పోగై ఏర్పడాల్సిన అనేకం కూడా దొరకదు. ఒకటీ కాక అనేకమూ కాకపోతే దానికి స్వభావమే లేదు.

చీమకుర్తి తమ్ముడి స్లాబు సంగతే తీసుకోండి. స్లాబు ఒకటిగా ఉండటం రాతిలో ఉందా, ఆయన రిజిస్టర్‌లో ఉందా? కొనేవాడి కొలతకు తగ్గట్టు ఉంటే ఒకటి, లేకపోతే వేస్టు. ఆ ఏకత్వాన్ని మనమే పెట్టి, మళ్లీ దానికి మూలం వెతకడం ఎందుకు?


కావలి లెక్కల టీచర్:

ఈ చర్చలో అన్నిటికన్నా గట్టి ప్రశ్న ఇదే. మీరు రాసినందుకు ధన్యవాదాలు.

స్లాబు విషయంలో మీ మాట ఒప్పుకుంటాను. దాని ఏకత్వంలో మన కొలత పాలు చాలా ఉంది. అందుకే పైన గుట్ట నుంచి గిత్తదాకా వెళ్లాను. గిత్తను ఒకటిగా పట్టి ఉంచేది కొనేవాడి కొలత కాదు. సంతలో ఎవరూ చూడకపోయినా అది ఒక గిత్తే. దాని గుండె ఆగితే రిజిస్టర్‌లో ఏం రాసినా అది కుళ్లి విడిపోతుంది.

ఇక అసలు వాదం. శాంతరక్షితుడు, ప్రోక్లస్ ఒకే చోట నుంచి బయల్దేరారు. నిజమైన ఒకటి లేకపోతే అనేకం కూడా నిలవదు అన్నది ఇద్దరికీ సమ్మతమే. ప్రోక్లస్ మొదటి ప్రతిపాదనకు రుజువు కూడా అట్లాగే నడుస్తుంది. ఏకత్వంలో ఏ పాలూ లేని సమూహం ఉంటే, దాని ప్రతి భాగమూ మళ్లీ సమూహమే, ఆ భాగంలో భాగమూ సమూహమే, ఇట్లా అంతు లేకుండా పోతుంది. అక్కడి నుంచి ప్రోక్లస్, అట్లా కుదరదు కాబట్టి ఒకటి ఉండి తీరాలంటాడు. శాంతరక్షితుడు వెతికితే ఒకటి దొరకలేదు కాబట్టి రెండూ లేవంటాడు. లెక్కల్లో ఒకే సూత్రాన్ని ఇటు నుంచి అటూ, అటు నుంచి ఇటూ వాడినట్టే ఉంది.

తేడా ఎక్కడంటే, శాంతరక్షితుడు ఒకటిని వస్తువుల్లో వెతికాడు. వస్తువుల్లో భాగాలు లేని ఒకటి దొరకదని ప్లొటైనస్ కూడా అంటాడు. అందుకే కదా దాన్ని ఉనికి అవతల పెట్టింది. అవతల పెట్టడం సమస్యను తీర్చడమా, లేక దాన్ని ఇంకో చోటికి జరపడమా అన్నది మీరు నన్ను అడగాలి. నేను తీర్చడమే అంటాను, ఎందుకంటే గిత్త ఒకటిగా నిలవడానికి స్వభావమే లేదన్న జవాబు నాకు చాలడం లేదు. మీకు చాలుతుందంటే అది ఎట్లా చాలుతుందో రాయండి, వినాలని ఉంది.

చీమకుర్తి నాయనా, నువ్వు మాత్రం ఎనియడ్స్ మొదటి పేజీ నుంచి చదవకు. ఆయన రాసిన వరస వేరు. మొత్తాన్ని యాభై నాలుగు వ్యాసాలుగా, తొమ్మిదేసి చొప్పున ఆరు గుంపులుగా సర్దింది పోర్ఫిరీ. ముందు ఆరో గుంపులో తొమ్మిదోది చదువు, నువ్వు మొదలుపెట్టిందే, పూర్తి చెయ్యి. తర్వాత ఐదో గుంపులో మొదటిది. దాని పక్కనే ప్లేటో పార్మెనిడీస్‌లో నేను చెప్పిన ఆ మొదటి వాదం పెట్టుకో. ఆరో గుంపు ఎనిమిదోది ఆఖర్న. మెకెన్నా ఇంగ్లీషు అందంగా ఉంటుంది కానీ కొన్నిచోట్ల మెలికలు ఎక్కువ. అట్లాంటి చోట అడ్డం పడితే ఆ వాక్యం ఇక్కడ పెట్టు, కలిసి చూద్దాం.


చీమకుర్తి రాయి:

అట్లాగే మేడం. ఈ వారం మళ్లీ నైట్ షిఫ్టే, తొమ్మిదోది పూర్తి చేస్తాను. చందవరం అన్న రాసింది మా ఒంగోలు క్లాసులో కూడా అడుగుతాను. పెన్న ఒడ్డు అన్నా, మీరు చెప్పిన గీత శ్లోకానికి శంకరభాష్యం తెలుగు తాత్పర్యంతో మీ దగ్గరుంటే ఆ పేజీ ఫొటో పెట్టగలరా?